మోకాలి దెబ్బ ఒకరికి, పళ్లెం దెబ్బ ఇంకొకరికి

థాయ్ ఫైట్ సినిమా మొదటిసారి చూస్తున్నవాళ్లకి ఒకచోట కచ్చితంగా తికమక పుడుతుంది. హీరో గాల్లోకి లేచి మోకాలితో ఎదుటివాడి గుండెల మీద పడతాడు. ఆ చప్పుడుకి మన పక్కటెముకలు కలుక్కుమంటాయి. అదే గొడవలో, అదే సందులో, జుట్టుకు రంగేసుకున్న ఒక ఆసామి కత్తి అందుకుని రౌడీలను బెదిరిస్తుంటాడు. సరిగ్గా అప్పుడే కత్తులు అమ్ముకునే ఆవిడ అటుగా వస్తుంది. రౌడీలు తలా ఒకటి తీసుకుంటారు. ఆసామి మొహం మాడిపోతుంది, మళ్లీ పరుగు.

2003లో వచ్చిన ‘ఓంగ్-బాక్’లోని సన్నివేశం ఇది. ఇది సీరియస్ సినిమానా, కామెడీనా అని అడిగితే థాయ్ ప్రేక్షకుడు ఆ ప్రశ్నకే ఆశ్చర్యపోతాడు. అతనికది సహజం. ఆ సహజం వెనక మాత్రం చాలా లెక్క ఉంది, ఆ లెక్క హాంకాంగ్ వాళ్లది కాదు, మనదీ కాదు.

ముందు నాలుగు మాటలు

థాయ్‌లో సినిమాను ‘నంగ్’ అంటారు. ఆ మాటకు అసలర్థం తోలు. తోలుబొమ్మలాటకు ఉన్న పేరే తర్వాత తెర మీద బొమ్మకు వచ్చింది. కొట్లాట సినిమా ‘నంగ్ బూ’. ఈ ‘బూ’ యుద్ధవిద్యకు చైనీయులు వాడే మాట, థాయ్‌లాండ్‌లో స్థిరపడిన తియోచ్యూ చైనీయుల నోటినుంచి వచ్చింది.

పడటం, కొట్టించుకోవడం, జారడం మీద నడిచే హాస్యానికి ‘తలోక్ చెప్ తువా’ అని పేరు. మాటకు మాట చెప్పుకుంటే ‘ఒళ్లు నొప్పి హాస్యం’. నొప్పి పేరులోనే ఉందన్నది గుర్తుంచుకోండి, ముందుముందు పనికొస్తుంది.

మూడోది ‘క్రోప్ రోత్’. మన రోతతో కలపకండి. ఆ ‘రోత్’ సంస్కృత ‘రస’మే, థాయ్ నోట్లో అలా మారింది. అన్ని రుచులూ నిండుగా ఉన్నది అని అర్థం. టికెట్ కొన్నవాడికి నవ్వు, ఏడుపు, భయం, కొట్లాట అన్నీ వడ్డించాలనేది పాత థాయ్ సినిమా ఒప్పందం. నవరసాలూ ఉండాలని అడిగే మనకు దీన్ని వేరే విడమరచక్కర్లేదు.

చివరిది హాస్యగాళ్ల మాట. ఒక జోకును ‘ముక్’ అంటారు. ఒకడు ‘చోంగ్’ చేస్తాడు, అంటే కలిపి అందిస్తాడు. ఇంకొకడు ‘తోప్’ చేస్తాడు, అంటే చరుస్తాడు. వాలీబాల్‌లో ఒకడు బంతి లేపితే ఇంకొకడు స్మాష్ కొట్టినట్టన్నమాట. ఒక్కడే రెండు పనులూ చెయ్యడు.

ఒకే దెబ్బకు రెండు లెక్కలు

చిక్కుముడి ఇక్కడుంది. నవ్వు తెప్పించే దెబ్బలో నొప్పి ఉండకూడదు. కనీసం ఉందని మనకు అనిపించకూడదు. పడ్డవాడు లేచి దులుపుకుంటాడన్న భరోసా ఉంటేనే నవ్వొస్తుంది. థాయ్ ఫైట్ సినిమా అమ్ముకునే సరుకు దీనికి నేరుగా ఎదురు. రోప్ లేదు, గ్రాఫిక్స్ లేవు, డూప్ లేడు అనేదే ‘ఓంగ్-బాక్’ ప్రచారం. పెట్రోలు బంకు దగ్గర ఫైట్‌లో హీరో టోనీ జా పంట్లానికి నిప్పంటుకుని ఉండగానే తన్నుతాడు. ముఖ్యమైన స్టంట్‌ను వెంటనే ఇంకో కోణంలో, కొన్నిసార్లు మూడో కోణంలో కూడా మళ్లీ వేస్తారు. ‘చూశావా, మోసం లేదు’ అని చూపించుకోవడానికి. 2008 నాటి ‘చాక్లెట్’ ఇంకో అడుగు ముందుకేసింది. సినిమా అయ్యాక పేర్లు పడుతుంటే, షూటింగ్‌లో నటులకు తగిలిన దెబ్బలు, మెడకు పట్టీలు, ఆసుపత్రి మంచాలు చూపించింది.

ఇంత నిజమని నమ్మించాక ఎవడైనా జారిపడితే ఎవరు నవ్వుతారు? ‘అయ్యో’ అంటారు.

థాయ్ వాళ్లు వెతుక్కున్న దారి చాలా మామూలుది: రెండు దెబ్బలకూ రెండు ఒళ్లు కేటాయించడం. నిజం దెబ్బ తినే, కొట్టే ఒళ్లు హీరోది, స్టంట్ కుర్రాళ్లది. ఉత్తుత్తి దెబ్బ తినే ఒళ్లు హాస్యగాడిది. ఇద్దరూ ఒకే ఫ్రేములో ఉండొచ్చు గాని దెబ్బలు కలవకూడదు.

దెబ్బ రకం కూడా వేరే. థాయ్ బాక్సింగ్ అయిన మువాయ్ థాయ్‌ని ఎనిమిది అవయవాల విద్య అంటారు: రెండు పిడికిళ్లు, రెండు మోచేతులు, రెండు మోకాళ్లు, రెండు కాళ్లు. ఇందులో మోచేయి, మోకాలు దగ్గర్నుంచి కొట్టేవి. జానెడు, మూరెడు దూరంలో పని అయిపోతుంది. చెయ్యి వెనక్కి లాగి, ఊపి, కొట్టే తతంగం లేదు. హాస్యానికి మాత్రం ఆ తతంగమే ప్రాణం. దెబ్బ వస్తోందని ప్రేక్షకుడు ముందే చూడాలి, తినేవాడు మాత్రం చూడకూడదు. మోచేతి దెబ్బలో అంత వ్యవధి దొరకదు. అందుకే హాస్యగాడి వాటాకు ఎక్కువగా నెత్తి మీద చరుపు, పిర్ర మీద తన్ను, పళ్లెం దెబ్బ వస్తాయి. ఇవన్నీ పెద్ద ఊపుతో, దూరంనుంచి కనిపించే దెబ్బలు.

పళ్లెం సంగతి కొంచెం చెప్పుకోవాలి. థాయ్ హాస్య బృందాలకు గుండ్రటి పల్చటి లోహపు పళ్లెం ఒక గుర్తులాంటిది. బోర్లా, చదునుగా నడినెత్తి మీద పడితే బలం వైశాల్యమంతా పరుచుకుంటుంది. రేకు అదురుతూ కొంత శక్తిని చప్పుడుగా వదిలేస్తుంది. చప్పుడు బారెడు, నొప్పి బెత్తెడు. అదే పళ్లెం కాస్త వాలి అంచు తగిలితే కుట్లు పడతాయి, చెవి మీద పడితే వినికిడికే ముప్పు. మందపాటి పళ్లెం తీసుకుంటే రేకు వంగదు, తల వంగుతుంది. కొట్టేవాడు మణికట్టు బిగించకుండా వదులుగా పెట్టాలి, తినేవాడు దెబ్బ పడే క్షణానికి మోకాళ్లు కొద్దిగా మడవాలి. పక్కన డ్రమ్ వాయించేవాడు ఆ క్షణానికే కొట్టాలి. అర సెకను ఆలస్యమైతే జోకు చచ్చినట్టే.

రెండు వృత్తులు, రెండు బడులు

హాంకాంగ్‌లో ఇలా విడదీయలేదు. జాకీ చాన్ చిన్నప్పుడు పెకింగ్ ఒపేరా బడిలో పెరిగాడు. అక్కడ పిల్లిమొగ్గలు, కర్రసాము, పాట, విదూషకుడి వేషం అన్నీ ఒకే పిల్లాడికి నేర్పుతారు. అందుకే 1978 నుంచి అతను కొట్టినవాడే, నొప్పితో చెయ్యి విదిలించుకుని నవ్వించినవాడే. హీరో, హాస్యగాడు ఒకే ఒంట్లో ఉన్నారు.

థాయ్‌లాండ్‌లో బడులే వేరు. స్టంట్ వైపు పన్నా రిట్టిక్రాయ్ ఉన్నాడు. ఖోన్ కేన్ రాష్ట్రంవాడు, 1961లో పుట్టి 2014లో పోయాడు. హాంకాంగ్ సినిమాలు చూసి, ఆ దూకుళ్లను కుర్రాళ్లతో మళ్లీ మళ్లీ చేయించి, పల్లెటూళ్ల ప్రేక్షకుల కోసం చవగ్గా సినిమాలు తీశాడు. సూరిన్‌లో పెరిగిన టోనీ జా అతని దగ్గరే తయారయ్యాడు. ఈ బడిలో హాస్యం పాఠం కాదు.

హాస్యం వైపు బ్యాంకాక్ ‘కేఫ్’లు ఉన్నాయి. పేరుకు కేఫ్‌లే గాని రాత్రిళ్లు పాట, భోజనం, మందు, మధ్యలో హాస్య బృందం ఉండే చోట్లవి. 1980లు, 90ల్లో మంచి ఊపు మీద నడిచాయి. ఐదారుగురు మైకుల ముందు వరసగా నిలబడతారు. ఒకడు అందిస్తాడు, ఒకడు చరుస్తాడు, ఒకడు పళ్లెం తింటాడు. బృందం పేరే సభ్యులకు ఇంటిపేరైపోతుంది. పెట్చ్‌తాయ్ వోంగ్‌కమ్లావ్ అనే యసోథోన్ మనిషి దేశమంతటికీ ‘మమ్ జోక్‌మోక్’గానే తెలుసు. సురభి అనగానే అది ఇంటిపేరా నాటక సమాజమా అని మనం ఎలా తడుముకుంటామో, అలాంటిదే అనుకోవచ్చు.

ఈ విడదీత ఇంకా పాతది కూడా. 1970ల మొదటి దాకా చాలా థాయ్ సినిమాలు 16 ఎం.ఎం. రీలు మీద శబ్దం లేకుండా తీసేవారు. హాల్లో మైకు ముందు కూర్చున్న డబ్బింగ్ కళాకారులు అన్ని పాత్రలకూ అప్పటికప్పుడు గొంతిచ్చేవారు, సొంత చమత్కారాలు కలిపేవారు. తెర మీద ఒకడు ప్రాణాలకు తెగించి దూకుతుంటే, హాల్లో ఇంకొకడు నవ్విస్తుండేవాడు. దూకడంలో నిజమెంతో చెప్పడానికి ఒక్క సంగతి చాలు. ఆ కాలపు అతిపెద్ద హీరో మిత్ర్ చైబంచా 1970 అక్టోబరు 8న పట్టాయాలో, హెలికాప్టర్‌కు వేలాడే తాళ్ల నిచ్చెన నుంచి షూటింగ్‌లోనే జారిపడి చనిపోయాడు.

దక్షిణ థాయ్‌లాండ్ తోలుబొమ్మలాట ‘నంగ్ తలుంగ్’లో రాజులు, దేవతలు బ్యాంకాక్ వైపు భాష మాట్లాడతారు. తేంగ్, ను నుయ్ లాంటి విదూషకుల బొమ్మలు ఊరి యాస మాట్లాడతాయి. మన తోలుబొమ్మల్లో రామాయణం నడుమ కేతిగాడు, బంగారక్క దూరి కథను ఆపేసినట్టే. బొమ్మ వేరు, భాష వేరు, పని వేరు.

సందులో ఛేజ్‌ను విప్పి చూస్తే

‘ఓంగ్-బాక్’ దర్శకుడు ప్రాచ్యా పిన్‌కేవ్, ఫైట్లు పన్నా. ఊరి బుద్ధ విగ్రహం తల దొంగలపాలైతే వెతుక్కుంటూ బ్యాంకాక్ వస్తాడు టింగ్ (టోనీ జా). ఊరు వదిలి, హమ్లే అన్న పేరు మార్చుకుని జార్జ్ అయిపోయిన మోసగాడి వేషం మమ్‌ది. మొదట్లో చెప్పిన సందులో ఇద్దర్నీ ఒకే గుంపు తరుముతుంది.

టింగ్ ఆ సందును దాటే పద్ధతి చూడండి. ముళ్లకంచె చుట్టలోంచి దూరతాడు, ఇద్దరు మోసుకెళ్తున్న గాజు పలకల మధ్యనుంచి అడ్డంగా ఎగురుతాడు, కాళ్లు బార్లా చాపి బండి కిందినుంచి జారిపోతాడు. కెమెరా దూరంగా ఉంటుంది, ఒళ్లంతా కనబడుతుంది, ఆపైన మళ్లీ వేసి చూపిస్తారు. మొహంలో ఏ భావమూ లేదు. టింగ్‌కు జోకు ఒక్కటీ ఇవ్వలేదు. ఇస్తే అతని దూకుడు గారడీ అయిపోయేది.

హమ్లే వాటాకు వచ్చేవన్నీ వస్తువులు, అమ్ముకునేవాళ్లు, కత్తులు. అతని షాట్లను మళ్లీ వేసి చూపించరు. జోకును రెండోసారి చూపిస్తే అది జోకు కాదు, వివరణ. కత్తుల జోకులో చోంగ్-తోప్ వరస కూడా అలాగే ఉంది. కత్తి అందుకోవడం, బెదిరింపు, రౌడీలు ఆగడం... ఇదంతా అందించడం. కత్తులమ్మ రావడం చరుపు. ఆవిడకు కొట్లాటతో సంబంధం లేదు, బేరం మాత్రమే కావాలి. నవ్వు అందులో ఉంది.

వ్యాపారం లెక్క కూడా ఒకటుంది. 2003 నాటికి టోనీ జా ఎవరికీ తెలియదు, అప్పటిదాకా చేసింది ఎక్కువగా స్టంట్, డూప్ పనే. మమ్ మాత్రం టీవీ వినోద కార్యక్రమాలతో ఇంటింటికీ తెలిసిన మొహం. తెలియని కుర్రాడి సినిమాకు థాయ్ ప్రేక్షకుడిని హాలుదాకా నడిపించగలిగింది ఆ మొహమే.

ఇరవై సెకన్ల లెక్క

ఇదంతా చేతల్లో ఎలా ఉంటుందో ఒక ఊహా సన్నివేశం కట్టి చూద్దాం. సందు, కొబ్బరికాయల బండి, హీరో, హాస్యగాడు, వెనక ముగ్గురు. సెకనుకు 24 ఫ్రేముల చొప్పున 20 సెకన్లంటే 480 ఫ్రేములు.

హీరో ముందు రావాలి. పక్కనుంచి, ఒళ్లంతా కనబడేలా, కత్తిరింపు లేకుండా బండి మీదుగా దూకుడు: 3 సెకన్లు. అదే దూకుడు ఎదురుగా పెట్టిన ఇంకో కెమెరానుంచి: 2 సెకన్లు. ఇక్కడితో బండి ఎంత ఎత్తో, ఎంత గట్టిదో ప్రేక్షకుడి ఒంటికి తెలిసిపోయింది.

తర్వాత హాస్యగాడు. కెమెరా కదలదు. పరుగున వచ్చి బండి ముందు ఆగుతాడు, ఎత్తు చూస్తాడు, వెనక్కి చూస్తాడు, రెండడుగులు వెనక్కి వేసి దూకబోతున్నట్టు ఊపిరి పీల్చుకుంటాడు: 5 సెకన్లు. ఆఖరి క్షణంలో బండి కిందినుంచి పాక్కుంటూ పోతాడు: 3 సెకన్లు. బయటికొచ్చి లేస్తూ నడినెత్తి బండికి కొట్టుకుంటాడు, ఒక కాయ జారి పడుతుంది: 2 సెకన్లు. మిగిలిన 5 సెకన్లు వెనకవాళ్లవి. మొదటివాడు దూకబోయి మోకాలు చెక్కకు కొట్టుకుని కూలబడతాడు. ఈ దెబ్బ నిజంలా వినిపించాలి.

ఎక్కడెక్కడ చెడుతుందంటే: హాస్యగాడు ముందొస్తే బండి నవ్వులాట వస్తువైపోతుంది, ఆ తర్వాత హీరో దూకినా ఎవరూ ఊపిరి బిగబట్టరు. హాస్యగాడి తల కొట్టుకున్న చప్పుడును ఎముక చప్పుడుగా వేస్తే హాలు ‘స్స్’ అంటుంది, నవ్వదు. అక్కడ బోలు చప్పుడే కావాలి. వెనకవాళ్లు ముగ్గురూ కామెడీగా పడితే తరిమేవాళ్లంటే భయం పోతుంది, భయం లేని ఛేజ్ జాగింగ్ అవుతుంది. ఇక ఆ 5 సెకన్ల తటపటాయింపును వేగంగా సాగడం లేదని ఎడిటర్ 2 సెకన్లకు కోస్తే మిగిలేది ఒక మనిషి బండి కింద పాకడం మాత్రమే. ఎక్కువ సన్నివేశాలు చచ్చేది ఈ చివరి తప్పుతోనే. ఫైట్‌ను కోసిన చేత్తోనే కామెడీనీ కోస్తారు.

హాస్యగాడే హీరో అయితే?

2004లో మమ్ తనే దర్శకుడై, తనే హీరోగా ‘ది బాడీగార్డ్’ తీశాడు, ఫైట్లు పన్నావే. ఇప్పుడు రెండు ఒళ్ల పద్ధతి కుదరదు. మమ్ మొహం ఎక్కడా నవ్వదు, తుపాకీ కాల్పుల్లో పెద్ద యాక్షన్ హీరోలానే గంభీరంగా ఉంటాడు. పిచ్చి అంతా అతని చుట్టూ ఉన్న పరిస్థితిలో పెట్టాడు. ఒంటి మీద నూలుపోగు లేకుండా బ్యాంకాక్ వీధుల్లో పరుగెత్తే ఘట్టంలో కూడా మొహం అలాగే ఉంటుంది. టోనీ జా ఒక సూపర్‌మార్కెట్ ఫైట్‌లో కాసేపు కనబడి వెళ్లిపోతాడు, నిజం దెబ్బల వాటా తెచ్చి ఇచ్చినట్టు. 2007లో వచ్చిన రెండో భాగంలో గూఢచారి మమ్ రికార్డింగ్ కంపెనీలో గాయకుడి వేషం కడతాడు.

ఈ రెండూ ‘ఓంగ్-బాక్’ అంత బిగువుగా ఉండవు. హాస్యగాడే కేంద్రమయ్యేసరికి ప్రమాదం పల్చబడింది, జోకులు కేఫ్ వేదిక మీది ముక్కల్లా విడివిడిగా పడతాయి. కానీ థాయ్ ప్రేక్షకుడు అందుకే వెళ్లాడన్న మాట కూడా కొట్టిపారేయలేం.

అతుకు మీద తగువు

ఈ కలయికను ఒప్పుకోనివాళ్ల వాదన తేలికది కాదు. ఊపు మీదున్న ఫైట్‌ను హాస్యగాడు విరగ్గొడతాడంటారు. బయటి దేశాల పంపిణీదారులు ఆ మాటే చేతల్లో చూపించారు. 2005 నాటి ‘టామ్-యమ్-గూంగ్’ అమెరికాలో ‘ది ప్రొటెక్టర్’ పేరుతో విడుదలైనప్పుడు దాదాపు 25 నిమిషాలు ఎగిరిపోయాయి, ర్యాపర్ ఆర్‌జడ్‌ఎ కొత్త సంగీతం ఇచ్చాడు. అందులో మమ్ సిడ్నీలో పనిచేసే థాయ్ పోలీసు. నాలుగు అంతస్తుల రెస్టారెంటులో ఒకే షాట్‌గా నాలుగు నిమిషాలు సాగే ఫైట్ దగ్గర గాని, వరసపెట్టి ఎముకలు విరిచే ఫైట్ దగ్గర గాని అతని నీడ కూడా పడనివ్వలేదు. హాస్యాన్ని ఒంట్లోంచి తీసి మాటల్లోకి, వచ్చీరాని ఇంగ్లీషులోకి తోశారు. అలా తోశాక అది నిజంగానే కోసెయ్యదగ్గ ముక్కలా తయారైంది. ఆ కత్తెరను పూర్తిగా తప్పుపట్టలేం.

ఎదుటి వాదన భాష దగ్గర మొదలవుతుంది. పన్నా, టోనీ జా, మమ్ ముగ్గురిదీ ఈశాన్య థాయ్‌లాండ్, ఈసాన్. బ్యాంకాక్‌లో టాక్సీ తోలేవాళ్లు, ఇళ్లు కట్టేవాళ్లు ఎక్కువమంది అక్కడివాళ్లే. హమ్లే పేరు మార్చుకోవడం, ఊరివాడిని చూసి మొహం చాటేయడం బయటివాళ్లకు మామూలు కామెడీ. ఈసాన్ ప్రేక్షకుడికి అది తన అన్న కథ. సబ్‌టైటిల్‌లో యాస రాదు. యాస పోయాక మిగిలిన గెంతులు చూసి ‘అనవసరం’ అనడం, పులుసు వంపేసి కూర చప్పగా ఉందనడం లాంటిదని వీళ్ల మాట.

రెండు వైపులా ఒప్పుకోవలసిన నింద ఇంకొకటి. ట్రాన్స్ వేషాలు, లావు, నలుపు, పళ్లు మీద కేఫ్ హాస్యం చాలా బతికింది. ఆ జోకులు సినిమాల్లోకీ వచ్చాయి, ఇప్పుడు థాయ్ కుర్రకారుకే ఎబ్బెట్టుగా ఉన్నాయి. పళ్లెం నొప్పి ఉత్తుత్తిదే గాని ఈ నొప్పి కాదు.

మరి హాస్యాన్ని పూర్తిగా తీసేస్తే? 2008లో ‘ఓంగ్-బాక్ 2’లో దాదాపు అదే జరిగింది. మమ్ ఒక పిచ్చివాడిగా కాసేపు కనిపిస్తాడంతే. కదలికలు మొదటిదానికంటే ఎక్కువ రకాలు, ఎక్కువ కష్టం. కానీ దెబ్బ తర్వాత దెబ్బ పడుతుంటే కొంతసేపటికి ఒళ్లు జలదరించడం మానేస్తుంది. మధ్యలో ఒకసారి నవ్వి ఊపిరి వదిలితేనే తర్వాతి దెబ్బకు మళ్లీ బిగబట్టగలం.

హమ్లే ఒంటికి నిజం దెబ్బ

మొదటి ‘ఓంగ్-బాక్’ చివర్లో ఈ లెక్క మొత్తాన్ని సినిమాయే తిరగేస్తుంది. విలన్ బుద్ధుడి తలను సుత్తితో పగలగొట్టబోతాడు. టింగ్ అందుకోలేని దూరంలో ఉంటాడు. సినిమా అంతా తప్పించుకుంటూ, నక్కుతూ, పక్కవాడి మీదికి తోస్తూ వచ్చిన హమ్లే ఆ తల మీద బోర్లా పడి, సుత్తి దెబ్బలు తన వీపు మీద తీసుకుంటాడు. గంటన్నరగా ఈ ఒంటికి నొప్పి లేదని మనల్ని నమ్మించారు. అందుకే టింగ్ తిన్న దెబ్బలన్నింటికంటే ఇవి ఎక్కువ నొప్పెడతాయి. విగ్రహం ఊరు చేరినప్పుడు హమ్లే కూడా చేరతాడు, అస్థికలుగా.